గవరయ్యగారి పిట్ట

గవరయ్యగారికి ఉన్నది ఒక్కటే పిచ్చి: చిన్న లాప్‌టాప్ కంటబడితే అందులో పిట్టను పెట్టకుండా వదలరు. పిట్ట అంటే ఒక ఆపరేటింగ్ సిస్టమ్. బక్క లాప్‌టాప్‌ల కోసం ఏ దేశంలోనో కొందరు కుర్రాళ్లు తయారుచేసి, ఎవరైనా వాడుకోండి, ఎవరైనా విప్పి మార్చుకోండి అని ఉచితంగా వదిలేశారు. తెర మీద చిన్న పిట్ట బొమ్మ ఉంటుంది కాబట్టి ఈ దీవుల్లోని అబర్డీన్ బజారంతా దానికి ఆ పేరే ఖాయం చేసింది. ఆ కుర్రాళ్లు కొన్నాళ్లకే చేతులెత్తేశారు. గవరయ్యగారు ఎత్తలేదు.

ఆయన షిప్పింగ్ ఆఫీసు టికెట్ కౌంటర్లో పనిచేసి రిటైరయ్యారు. పిట్ట ఉన్న పెన్‌డ్రైవ్‌ను నల్లతాడుకి గుచ్చి తాయెత్తులా మెడలో వేసుకుంటారు. డిగ్లీపూర్ బస్సులో పక్కసీటు కుర్రాడి లాప్‌టాప్ మొరాయిస్తే, బారాటాంగ్ ఫెర్రీ ఎక్కేలోపు అందులో పిట్ట వాలాల్సిందే. ఒకసారి పరామర్శకి వెళ్లి, కాసేపు తల దించుకుని కూర్చుని, "పోయినాయన లాప్‌టాప్ ఏదైనా ఒదిలెల్లారేటి?" అని అడిగారు.

పిట్ట తయారీ ఆపేశామని ప్రకటన వచ్చిన రోజు ఆయన గది తలుపేసుకుని అన్నానికి రాలేదు. ఇరుగుపొరుగు కంగారుగా వచ్చి ఎవరు పోయారని అడిగారు.

"ఏటో సిస్టమ్ పోయిందట," అంది ఆయన భార్య రత్నం. "మా మరిదిగారు పోయినప్పుడు కూడా ఈయన పూట తప్పనేదు."

లంబాలైన్‌లో వాళ్ల పక్కిల్లే ఝాన్సీలక్ష్మిది. బడిలో తెలుగు సెక్షన్ టీచరు. పిట్ట సంగతులు వినే ఓపిక లేక, గవరయ్యగారు గేటు దగ్గర ఉంటే చుట్టూ తిరిగి వెనక సందులోంచి వచ్చేది. అలాంటి మనిషి ఒకరోజు తనంతట తానే ఆయన గేటు తీయాల్సి వచ్చింది.

కారణం విద్యాశాఖ ఆఫీసర్ నారాయణమూర్తి. "పిల్లలేరమ్మా? అందరూ హిందీ సెక్షన్‌కే ఎల్లిపోతన్నారు. ఈ జూన్‌లో కొత్తోళ్లు చేరకపోతే మీ సెక్షన్ బంద్. మీకు ఇంకోచోట పోస్టింగ్ ఇస్తాంలెండి," అన్నారు.

ఝాన్సీకి పోస్టింగ్ బెంగ లేదు. ఇంట్లో గలగలా తెలుగు మాట్లాడే పిల్లలు తెలుగు వాచకం విప్పగానే దిక్కులు చూస్తారు. సెక్షన్ మూస్తే ఆ చూడటం కూడా ఉండదు. అదీ ఆమె బాధ. లాప్‌టాప్‌లంటే పిల్లలు పడి వస్తారని ఆశపడి బడి బీరువా తెరిచింది. సునామీ వెళ్లిన నాలుగైదేళ్లకి ఎవరో దాతలు పంపిన చిన్న లాప్‌టాప్‌లవి. ఎవరో వాటిలో బరువైన కొత్త సిస్టమ్ ఎక్కించి చతికిలబడేట్టు చేశారు. హాజరు పిలవడం అయిపోయినా తెర మేలుకునేది కాదు.

"బాబాయ్, మా బడిలో చిన్న లాప్‌టాప్‌లు..."

మాట పూర్తి కాలేదు, గవరయ్యగారి కాలు చెప్పులో ఉంది. "చిన్నవే కదా? పక్కా చిన్నవే?"

"చిన్నవే. కానీ పిట్ట పని అయిపోయింది కదా. కొత్తదేదైనా పెడితే..."

"అమ్మా, ఆ మాట అనీకు," లోపల్నుంచి రత్నం కేకేసింది. "ఆయన బీపీ మాత్ర ఏసుకోనేదింకా!"

వారం తర్వాత లాప్‌టాప్‌లు పిట్టతో బడికి తిరిగొచ్చాయి. టక్కున తెరుచుకున్నాయి. అంతవరకూ ఝాన్సీ అనుకున్నదే. భానుశ్రీ అనే పిల్ల పొరపాటున ఏదో చెరపబోతే తెర మీద తెలుగు అక్షరాలు వచ్చాయి, ఇక్కడి ఇళ్లల్లో మాట్లాడే హిందీ కలిసిన తెలుగులో. పిల్ల వేలు పెట్టి కూడబలుక్కుని చదివింది: "ఇది తీసీమంటావేటి దీదీ? తరవాత ఏడిస్తే నాకు తెల్దు. సోచ్‌లే, ఆలోచించుకో."

"టీచర్! ఇది మా నానమ్మలాగ మాటాడతంది!"

ఇక పిల్లలు ఆగలేదు. అది ఏమంటుందో చూడటానికి కనబడిన ప్రతి మీటా నొక్కారు. ఫైలు దొరక్కపోతే "నేదు భయ్యా, ఇంకోపాలి ఎతుకు" అంది. చదివితేనే నవ్వొస్తుంది కాబట్టి చదివారు. వాచకానికి దొరకని పిల్లలు పిట్టకి దొరికిపోయారు.

తనిఖీకి వచ్చిన నారాయణమూర్తిగారు తెలియక ఆపేసే మీట నొక్కారు. "అప్పుడే ఎల్లిపోతావేటి? కూకో," అంది తెర. ఆయన కూర్చున్నారు. పిల్లల నవ్వు ఆగాక కూడా లేవలేదు, మిగతా మీటలు నొక్కుతూ ఉండిపోయారు.

జూన్‌లో జెట్టీ దగ్గర చేపలమ్మే నూకన్న కూతుర్ని వెంటబెట్టుకొచ్చాడు. "మన మాట రాసే మిషన్ ఇక్కడే ఉందట కదా మేడమ్? మా పిల్ల ఇందులోనే చేరతానంతంది." అతని వెనక ఇంకొందరు. సెక్షన్ నిలబడింది.

ఝాన్సీ మిఠాయి పట్టుకుని గవరయ్యగారి ఇంటికి వెళ్లింది. "ఇది మీరెప్పుడు రాశారు బాబాయ్?"

"పిట్ట పోయిన్రోజు మొదలెట్టానమ్మా. ఆకలి తెలీనేదు."

"పోయినదాంట్లో ఎందుకు? బతికున్నదాంట్లో రాయొచ్చుగా?"

"ముందు అలాగే రాశాను. అప్‌డేట్ వొచ్చి మొత్తం ఖతం చేసీసింది, రెండుపాల్లు. చచ్చినదాని జోలికి ఎవడూ రాడు. మన పిల్లల మాట అందులో అయితే సేఫ్."

"మరి బజారందరికీ ఇంగ్లీషుదే పెట్టారే?"

"పిల్లలకి ఇచ్చీముందు గట్టిగా నిలబడతాదో నేదో చూడొద్దా? అందుకని ఊరందరి మీదా చూశాను."

ఝాన్సీకి నవ్వూ వచ్చింది, వెనక సందులోంచి నడిచిన రోజులన్నిటికీ సిగ్గూ వేసింది.

మర్నాడు పిల్లలంతా వెళ్లాక, ఎన్నడూ లేనిది పొద్దుగూకేదాకా ఉండిపోయి, తన బల్ల మీది లాప్‌టాప్ ఆపబోయింది. తెర మీద వేరే మాట వచ్చింది. పిల్లల లాప్‌టాప్‌లలో లేనిది.

"సాల్లేమ్మా ఝాన్సీ. పొద్దుగూకింది. ఇంటికెల్లి టీ తాగు."

"అలాగే బాబాయ్," అని ఖాళీ క్లాసులో పైకే అనేసి మూత దించింది.