మామ తీసిన దీవెన

మామ పోయాడని పోయిన నెల ఒక పొద్దున అత్త ఫోన్ చేసింది. నేను బళ్లారి నుంచి మామ ఊరు తెక్కలకోట చేరేలోపే, ఆయన పనిచేసిన సర్కారు ఆఫీసు నుంచి దండ వచ్చేసింది. దాని మీద రాసిన పేరు కూడా తప్పే. ఒళ్లు మండింది నాకు.

మా అమ్మకు ఒక్కగానొక్క తమ్ముడు. హాళ్లలో అసలు సినిమాకు ముందు వేసే ప్రభుత్వ వార్తాచిత్రాలు మీలో పెద్దవాళ్లు చూసే ఉంటారు. వాటికి కెమెరా పట్టి బతికాడు. మంత్రులు రిబ్బను కోయడానికి కత్తెర పట్టుకున్న చోటల్లా ఉన్నాడు. రిటైరయ్యాక మాత్రం టీవీ వార్తలు శబ్దం తీసేసి చూసేవాడు. "మాట తీసేసి మొగం చూడు పాపా. ఎవరు ఏందో తెలుస్తాది," అనేవాడు. మనుషుల్ని చూడ్డం నాకు నేర్పింది ఆయనే.

ఆయన్ను తొలిచేసింది ఒక్క రీలు. కాలువ చివరి పొలాలకు నీళ్లు వదిలామని పండగ చేశారు. అక్కడికి చుక్క రాలేదు. ఒక ముసలామె జనాన్ని తోసుకొచ్చి, కెమెరా ముందు నిలబడి, చెయ్యెత్తి కడిగేసింది. ఆ కెమెరా బొమ్మనే పట్టుకుంటుంది, మాట పట్టుకోదు. వ్యాఖ్యానం తర్వాత ఆఫీసులో ఇంకెవరో రాసి చదువుతారు. ఆ సంగతి చెబితే ఆమె వెళ్లిపోతుందని, షాట్ పోతుందని మామ నోరు మూసుకున్నాడు.

"నా మాట పైవాళ్లకు ముట్టిస్తావు కదప్పా?" అని ఆమె అడిగితే, "ముట్టిస్తానవ్వా," అన్నాడు.

హాల్లో ఆ రీలు పడినప్పుడు, ఎత్తిన ఆ చేతి మీద గంభీరమైన గొంతు పలికింది: ప్రభుత్వాన్ని దీవిస్తున్న రైతమ్మ. మామ బయటికొచ్చి కాండ్రించి ఉమ్మాడట. మర్నాడు డ్యూటీకి పోయాడు. అదీ ఆయనే చెప్పాడు, దాచలేదు.

"నేను అబద్ధం తీయలేదు. నిజం తీసి వాళ్ల చేతికిచ్చినా. అది ఇంకా గలీజు పని," అనేవాడు. చివరి రోజుల్లో నన్ను అడిగింది ఒక్కటే. "నేను పోతే సభ పెడతారు. ఆ రీలే ఏస్తారు. ఆయమ్మ ఏమనిందో నువ్వన్నా చెప్పు."

ఆఫీసువాళ్లు బళ్లారిలో సంతాప సభ పెట్టారు. ఆ రీలే వేశారు. బొమ్మను ఆ చెయ్యి దగ్గర ఆపి, బెంగళూరు నుంచి వచ్చిన పెద్ద అధికారి కన్నడలో మామను పొగిడి నన్ను పిలిచాడు. కన్నడ నాకు బాగానే వచ్చు. కానీ ఆమె మాట ఆమె భాషలోనే, తెలుగులోనే ఉండాలనుకున్నాను. తప్పు అక్కడే చేశాను. మామ నాకు చెప్పిన ఆమె మాటలే మైకులో పలికాను:

"నీళ్లు యాడ వస్తాండాయప్పా? నా మడి బీటలు బడి ఉండాది. ఆ మంత్రిని వచ్చి కాలు పెట్టి చూడమను. సుమ్నె, ఊరికే దండలేసుకొని పోయేకి సిగ్గు లేదా?"

అధికారికి తెలుగు రాదు. ఆ తల్లి దీవెనను ఎంత చక్కగా వినిపించారని మెచ్చుకుని, నాకు శాలువా కప్పాడు. హాల్లో సగం మందికి తెలుగు వచ్చు. ఒక్కరూ లేవలేదు, చప్పట్లు కొట్టారు. మైకు ఇంకా నా చేతిలోనే ఉంది. కన్నడలో ఒక్క మాట చాలు. నేను నమస్కారం పెట్టి దిగిపోయాను. నా వెనక తెర మీద ఆ ముసలామె చెయ్యెత్తి, నోరు తెరుచుకుని అలాగే నిలబడి ఉంది.