నాలుగు కొమ్ముల శుక్రుడు

ఆ రోజులు ఎంత మంచివో చెప్పడానికి చాలామంది ఉన్నారు కనుక ఆ పనిని వారికే వదిలేస్తాను. ఆ రోజుల గురించి మనం చెప్పుకునే మాటల్లో ఏవి నిజమో, ఏవి వినికిడో తేల్చుకోవడం మాత్రమే నాకు చేతనైన పని. యాభైల చివర, నల్లగొండలో ఒక ఉన్నత పాఠశాలలో సైన్సు మాస్టరుగా చేరిన రెండో ఏట, నా పెళ్లి ఒక సైకిలు చక్రపు పుల్ల దగ్గర ఆగిపోయినంత పనైంది. ఇందులో ఖాయంగా చెప్పగలిగినవి కొన్ని ఉన్నాయి. దుర్భిణిని నేనే తయారుచేశాను. దాని మూతి దగ్గర నాలుగు సైకిలు పుల్లలు ఉన్నాయి. ఆ సాయంత్రం పడమటి దిక్కున శుక్రుడు ఉన్నాడు. నాకు చెమటలు పట్టాయి. ఇక చిట్యాల బస్సు కండక్టరు నా గొట్టాన్ని ఫిరంగి అనుకుని డ్రైవరు వెనక దాక్కున్నాడన్నది మా బాపు, అంటే మా నాన్న, నలుగురికీ చెప్పిన మాట. నేను కళ్లారా చూసింది ఇంతే: దుప్పటి చుట్టిన ఆ గొట్టాన్ని అతను వేలితో తట్టి, "సారూ, గిది పేల్తదా?" అని అడిగాడు. (ఆ ప్రాంతంలో తుపాకుల జ్ఞాపకం అప్పటికింకా పచ్చిగానే ఉంది, అతన్ని తప్పుపట్టలేను.) పిల్లవాళ్ల ఊరు ఊరంతా చూడవచ్చిందన్నది కూడా వినికిడే. నేను లెక్కపెట్టినంతలో పదకొండు మంది మనుషులు, ఒక మేక.

సంగతి ఏమిటంటే, శుక్రుడు సూర్యుడికి మరీ దగ్గరగా చేరి కంటికి ఆనని రోజులను మూఢం అంటారు, ఆ రోజుల్లో పెళ్లిళ్లు చేయరు. ఆ ఏడు మూఢం వెళ్లిపోయి నాలుగు రోజులైందని పంచాంగం స్పష్టంగా చెబుతోంది. కానీ నాకు చూసిన పిల్ల తాత పంచాంగాన్ని నమ్మే మనిషి కాడు. చిట్యాలకు దగ్గరి పల్లెలో జీవితమంతా మగ్గం మీద గడిపిన నేతగాడు; అందరూ ఆయన్ను మగ్గం తాత అనేవారు. "పంచాంగంల పొడిస్తే నాకేంది? నా కండ్లకు పొడవాలె. సుక్క అగుపడ్డంకనే లగ్గం రాయిస్త" అని మా బాపుతో తేల్చి చెప్పాడు. మూడు సాయంత్రాలు వాకిట్లో నిలబడి పడమర వైపు చూశాడట. ఎండాకాలపు దుమ్ములో, ఆ ముసలి కళ్లకు చుక్క దొరకలేదు. వారం గడిస్తే ఆషాఢం వస్తుంది, పెళ్లి మాట ఉండదు. ఈలోగా తహశీలు కచేరిలో గుమాస్తాగా ఉన్న ఒక పెళ్లికొడుకు తరఫువాళ్లు రెండుసార్లు వచ్చి పోయారు. "ఆషాఢం దాటినంక గీ మాట గిట్లనే ఉంటదని నేను జెప్పలేను" అని తాత ముందే అనేశాడు.

పిల్లను నేను ఒక్కసారే చూశాను. పెళ్లిచూపుల్లో తల వంచుకుని కూర్చుంటుందనుకున్న మనిషి తలెత్తి, "మీరు బడిల పిలగాండ్లను కొడ్తరా?" అని అడిగింది. "అప్పుడప్పుడు" అని నిజమే చెప్పాను. ఆమె నవ్వింది. ఆనాటి నుంచి నేను బడిలో ఎవరి మీదా చేయి చేసుకోలేదు. (దీనికి సాక్షులున్నారు.) కనుక గుమాస్తా కబురు విన్న రాత్రి నాకు అన్నం సహించలేదు. తెల్లవారి బాపుతో, "ఆయన కండ్లకు సుక్క గావాలె, గంతే గద. నా గొట్టం తీస్కపోదాం" అన్నాను. బాపు నన్ను ఎగాదిగా చూసి, "నీ గొట్టంల అగుపడకపోతే?" అన్నాడు. అగుపడకపోవడం గురించే ఆయన భయమంతా. అగుపడితే ఏమవుతుందో ఇద్దరిలో ఎవరమూ ఆలోచించలేదు.

ఆ గొట్టం గురించి కొంత చెప్పాలి. హైదరాబాదు పాత సామాన్ల బజారులో దొరికిన లోతు (పుటాకార) అద్దం అడుగున, రేకు గొట్టం చుట్టూ, మూతి దగ్గర వెలుగును పక్కనున్న కంటి కటకంలోకి మళ్లించే చిన్న అద్దం మధ్యలో. ఆ చిన్న అద్దాన్ని గాలిలో నిలబెట్టడానికి నాలుగు వైపుల నుంచి నాలుగు పుల్లలు బిగించాను. కిరాయి సైకిళ్ల దుకాణం చాచా వాటిని ఇస్తూ, "నాలుగు పుల్లల చక్రంతోని ఎంత దూరం పోతవ్ బేటా?" అని నవ్వాడు. దానితో ప్రకాశవంతమైన చుక్క ఏది చూసినా నాలుగు వైపులా నాలుగు కిరణాలు పొడుచుకు వచ్చేవి. పుస్తకాల్లో అచ్చయిన నక్షత్రాల ఫోటోల్లోనూ అలాగే ఉండటం చూసి, నా దుర్భిణి పెద్ద దుర్భిణులతో సమానమని గర్వపడ్డానే తప్ప, ఎందుకని ప్రశ్నించలేదు. నేను కాంతి పాఠం ఉర్దూలో చదువుకున్నాను, అప్పుడప్పుడే తెలుగులో చెబుతున్నాను. సన్నని చీలికలోంచి దూరిన వెలుగు తిన్నగా పోక పక్కలకు పరుచుకుంటుందని రెండు బ్లేడులు దగ్గరగా అతికించి పిల్లలకు చూపించేవాణ్ని కూడా. చీలిక చేసే పనిని సన్నని అడ్డుపుల్ల కూడా చేస్తుందన్న సంగతి మాత్రం, నాలుగు పుల్లలు నా చేతులతోనే బిగించినా, నా బుర్రకు తట్టలేదు.

పొద్దు గుంకిన కాసేపటికి, తాత ఇంటి వాకిట్లో గొట్టాన్ని రెండు బస్తాల మధ్య నిలబెట్టి, పడమటి గుట్ట మీద జానెడు ఎత్తున శుక్రుణ్ని పట్టుకున్నాను. బాపు గట్టిగా ఊపిరి వదిలాడు. తాత వంగి కన్ను ఆనించాడు. నేను ఆయన పెదవుల మీద చిరునవ్వు కోసం వెతుకుతున్నాను.

"కొమ్ములున్నయి" అన్నాడు.

"ఏందీ?" అన్నాడు బాపు.

"సుక్కకు కొమ్ములు మొలిసినయి. నాలుగు."

వెనక ఎవరో అవ్వ, "తోకసుక్క గాదు గద కొడుకా?" అంది. ఆ మాట పదకొండు మందిలోనూ ఒక్క క్షణంలో పాకింది. తోకచుక్క ఒక్క తోకతోనే అరిష్టమైతే, నాలుగు తోకలది ఏం చేస్తుందో ఎవరికి వారే లెక్క వేసుకున్నారు. తాత కండువా దులిపి భుజాన వేసుకున్నాడు. "మూఢమే నయముండె. కొమ్ముల సుక్క కింద నా మనుమరాలి లగ్గం నేను జెయ్య."

బాపు నా చెయ్యి పట్టుకుని గుంజాడు. "జెప్పరాదురా! అవి నీ గొట్టంవేనా, సుక్కవా?"

"గొట్టంవే!" అన్నాను. అప్పటికి నా దగ్గరున్నది ఊహ మాత్రమే, కానీ గొంతులో రుజువున్నట్టు పలికింది. "నాలుగు పుల్లలున్నయి, గందుకే నాలుగు కొమ్ములు. ఒకటి తీసేస్తే మూడే అగుపడ్తయి, సూడుండ్రి." పటకారుతో ఒక పుల్ల విప్పాను. మిగిలిన మూడింటి మీద చిన్న అద్దం వణుకుతూ నిలిచింది. శుక్రుడు అప్పటికి గుట్టకు నాలుగు వేళ్ల ఎత్తున ఉన్నాడు. మళ్లీ పట్టుకోవడానికి గొట్టాన్ని రెండుసార్లు జరపాల్సి వచ్చింది. తాత అయిష్టంగా వంగాడు, చూశాడు, లేచాడు.

"నాలుగే ఉన్నయి."

నమ్మలేక నేను చూశాను. నాలుగే! ఒక జత కొంచెం వెలవెలబోయి ఉండవచ్చు గానీ, నాలుగుకు నాలుగూ ఉన్నాయి. బాపు నా వైపు చూడకుండా, "గింత సదివిచ్చింది గిందుకేనా" అని నేలతో అన్నాడు. సొంతంగా పరీక్ష పెట్టి, సొంతంగా ఓడిపోయి, చేతిలో పుల్లతో నిలబడ్డ ఆ ఇరవై మూడేళ్ల మాస్టరును ఈనాడు తలచుకుంటే జాలి వేస్తుంది. ఆనాడు మాత్రం నా కళ్ల ముందు గుమాస్తా గుర్రం మీద ఊరేగుతూ కనిపించాడు.

అప్పుడు తలుపు చాటు నుంచి పిల్ల గొంతు వినిపించింది. "తాతా, నేత సూసెటందుకు బట్టల నుంచి దీపాన్ని సూస్తవు గద. గప్పుడు దీపానికి గూడ నాలుగు కొమ్ములు రావా? పడుగు పోగులకు రెండు, పేక పోగులకు రెండు. అవి దీపానికి మొలిసినయా, బట్టవా?"

(నేతగాళ్లందరూ అలా పరీక్షిస్తారని నేను అనను. ఆ ఇంట్లో ఆ అలవాటు ఉండేది, తర్వాత నేనూ చూశాను.) వీధి చివర కిరాణా దుకాణంలో అప్పుడే పెట్రోమాక్సు వెలిగించారు. తాత భుజం మీది పట్టు కండువాను కళ్ల ముందు చాపి అందులోంచి ఆ వెలుగును చూశాడు. కండువాను మెల్లగా ఏటవాలుగా తిప్పాడు. మళ్లీ వెనక్కి తిప్పాడు. "బట్టతోని తిరుగుతున్నయి" అన్నాడు, ఎవరితోనూ కాదు, తనతోనే.

నాకు అప్పుడు తెలిసింది, ఆమె చెప్పిన లెక్కతో. నిలువు పోగులైన పడుగుకు రెండు, అడ్డపోగులైన పేకకు రెండు! ప్రతి పుల్లా వెలుగును తనకు అడ్డంగా రెండు పక్కలకూ పరుస్తుంది. ఎదురెదురు పుల్లలు ఒకే గీతలో ఉన్నాయి గనుక వాటి కొమ్ములు ఒకదాని మీద ఒకటి పడతాయి. ఒకటి తీసినా దాని ఎదుటిది ఆ రెండింటినీ నిలబెడుతుంది. కొమ్ములు తగ్గించాలని చూడటమే నా తప్పు, పెంచాలి! విప్పిన పుల్లను గొట్టం మూతికి ఏటవాలుగా జనపనార దారంతో కట్టాను. "తాతా, జర ఇప్పుడు సూడుండ్రి. కొత్తగ రెండు రావాలె. మొత్తం ఆరు!" శుక్రుడు గుట్టకు వేలెడు ఎత్తున ఎర్రబడి వణుకుతున్నాడు. గొట్టాన్ని సరిచేసి పక్కకు తప్పుకున్నాను. తాత వంగాడు. ఆయన పెదవులు కదిలాయి, లెక్కపెడుతున్నట్టు.

"ఆరు" అన్నాడు. లేచి, నడుము నిమురుకుంటూ, "గొట్టంవే. లగ్గం రాయిద్దాం" అన్నాడు.

బాపు బస్తా మీద కూలబడ్డాడు. నా ఆరు కొమ్ములను నేనూ చూసుకుందామని వెంటనే కన్ను ఆనించాను. గొట్టంలో చుక్క లేదు. గుట్ట అంచు రాళ్లు మాత్రం తలకిందులుగా, మసకగా కనిపించాయి.

పెళ్లి జరిగింది. ఆ పుల్లను తర్వాత ఎన్నో సాయంత్రాలు అలాగే కట్టి చూశాను. ఆరు కనిపిస్తాయి, అందులో సందేహం లేదు. తేలనిది ఒక్కటే. ఆ చివరిసారి తాత కంటికి ఏమైనా కనిపించిందా? లేచేటప్పుడు ఆయన భుజం తగిలి గొట్టం కదిలి ఉండవచ్చు. చుక్క అంతకు ముందే గుట్ట వెనక్కి జారి ఉండవచ్చు. ఏం కనిపించాలో ముందే నోరు జారి చెప్పి, ఆ తర్వాత ఏం కనిపించిందని అడగడం పరీక్షే కాదని ఏ విద్యార్థికైనా చెబుతాను. ఆనాడు నేను చేసింది అదే. తాత ఆ తర్వాత చాలా ఏళ్లు బతికాడు, ఆయన పక్కన కూర్చుని లెక్కలేనన్ని సాయంత్రాలు గడిపాను, అయినా అడగలేదు. చూశానంటే సరిచూసే దారి లేదు. చూడలేదంటే, తన కళ్లను తప్ప దేన్నీ నమ్మని ఆ మనిషి ఒక్కసారి, నా మొహం చూసి, వాటిని పక్కన పెట్టాడని ఒప్పుకోవాలి. ఆ మాట వినే ధైర్యం నాకు లేకపోయింది. ఎవరు ఏం చెప్పినా రుజువు అడిగే ఆ కుర్ర మాస్టరు, ఆ సాయంత్రం "ఆరు" అన్న ఒక్క మాటను గుట్ట వైపు తిరిగి చూడకుండా ఎంత త్వరగా నమ్మేశాడో తలచుకుంటే, ఇప్పటికీ నాకు నవ్వు ఆగదు.