తాళం మీద తాళం

ఆ మాస్టరు మాట ఎత్తితే నాకు ఇప్పటికీ ఒళ్లు మండుతుంది. గుత్తి నుంచి తాడిపత్రికి బస్సులో వచ్చి టీవీలూ వీడియో డెక్కులూ బాగుచేసేవాడు. మెకానిక్ అంటే మాత్రం పలకడు, మాస్టర్ అనాల్సిందే.

బస్టాండు వెనక సందులో నాకు వీడియో గేముల అంగడి ఉండేది. ఉన్నది ఒకటే మిషను. అసలు డిస్కులు మా ఊళ్లో దొరకవు. బెంగళూరు నుంచి తెచ్చిన కాపీ డిస్కులను మిషను చదవదు. లోపల ఒక చిన్న చిప్పు అతికిస్తే చదువుతుందట. వేసవి సెలవుల్లో కొత్త గేములు పెట్టకపోతే నేను అంగడి మూసుకోవాల్సిందే. అందుకే వాణ్ణి పిలిచాను.

మిషను విప్పుతూనే ఉపన్యాసం అందుకున్నాడు. "కొన్నది మనం. దానికి కంపెనీవాడు తాళమేసేదేందన్నా? విద్య ఎవుడబ్బ సొత్తు?"

నిజమే కదా అని తల ఊపాను, బుద్ధి లేక.

చిప్పు అతికించాక జేబులోంచి గరుకు కాగితం తీసి, చిప్పు మీది నంబరు గీకేశాడు. ఆపైన, పైపులు కారితే పూసే నల్ల ముద్దను పిసికి చిప్పునూ తీగలనూ కప్పేశాడు.

"అదేందప్పా?"

"ఎవుడన్నా చూసి నేర్చుకుంటే నా గతేం కావల్ల?"

ఇందాకటి ఉపన్యాసం ఈ నోటిదేనా అని అసహ్యం వేసింది.

సెలవులు మొదలయ్యాయో లేదో, రేకుల కప్పు కింద ఆ ఎండకు మిషను మళ్లీ కాపీ డిస్కులను చదవడం మానేసింది. లోపల ఏదో తీగ ఊడింది. మళ్లీ వాడే దిక్కు. తీగేమో ముద్ద కింద ఉంది, ముద్దేమో బండైపోయింది. గోటితో గీకాడు, స్క్రూడ్రైవరుతో పొడిచాడు. ఆఖరికి ఎదురుగా బండలు కొట్టే ఆయన్ని అడిగి ఉలీ సుత్తీ తెచ్చాడు, మహానుభావుడు! సందంతా మూగి నవ్వుతుంటే ఒక్క దెబ్బ వేశాడు. ముద్ద ఊడింది. దాన్ని పట్టుకుని బోర్డు ముక్క కూడా ఊడింది.

వాడు వేసిన తాళం వాడికే రాలేదు. అయినా సిగ్గుంటేనా? "ఈ కంపెనీవాళ్లు బోర్డులు మరీ పల్చగా చేస్తాండారన్నా" అన్నాడు. ముద్దను అరచేతిలో తిప్పి చూసుకుని మురిసిపోయాడు. "చిప్పు మాత్రం చెక్కుచెదర్లే. ఇంగో మిషనుకు పనికొస్తాది."

"ఇంగో మిషను నాకు యాడుండాదిరా?"

వాడు ముద్దను జేబులో వేసుకుని బస్సెక్కాడు. ఆ వేసవి నుంచి నేను బండల పాలిష్ ఫ్యాక్టరీలో కూలికి పోవడం మొదలుపెట్టాను.