పొడిమెణికె ఆఖరి నోటీసు

పొడిమెణికె తను చచ్చిపోయానని తనే ఎవరిచేతో ఫోన్ చేయించిందని మా ఊళ్లో చెప్పుకుంటారు. మొగుడు ఏడుస్తాడో లేదో చూద్దామని చేయించిందట. తిలకసిరి పాపం నమ్మి, ఏడ్చి, ఆ ఉదయమే సందంతా చావుకు గుర్తుగా తెల్ల జెండాలు కట్టి, ఆమె పేరున భిక్షువులకు అన్నదానం చేశాడట.

తిలకసిరి ఆమె మణికట్టు విరిచి పంపేసినప్పుడు నేనింకా చిన్నపిల్లని. ఎముక వంకరగానే అతుక్కుంది. ఆ చేత్తోనే ఎహెలియగొడ దగ్గర తోటలో రబ్బరు చెట్లకు గాట్లు పెట్టే పనిలో కుదిరింది. మనోవర్తి కేసు వేసి కింది కోర్టులో గెలిచింది. తిలకసిరి పై కోర్టుకు వెళ్లి దాన్ని కొట్టేయించాడు. ఆమె ఇంకా పై కోర్టుకు అప్పీలు చేసుకుంది.

అప్పీలు సంగతి తిలకసిరికి నోటీసుగా అందితేనే విచారణ. అందేలా చూసుకోవలసింది అప్పీలు చేసిన మనిషే. రిజిస్టరు పోస్టులో రెండుసార్లు పంపితే రెండుసార్లూ ‘తలుపు తాళం’ అని తిరిగొచ్చింది. ఆ తాళం వెనక మనుషులు అన్నం తింటున్నారని మా వీధంతటికీ తెలుసు. ఈసారి కోర్టు ఉద్యోగే వెళ్లి చేతికిస్తాడని, అదీ తిరిగొస్తే అప్పీలు పోయినట్టేనని కోర్టు చెప్పింది.

ఆయన వచ్చేసరికి పందిట్లో భిక్షువులు కూర్చుని ఉన్నారు. తిలకసిరి, రెండో ఆవిడ కలిసి చనిపోయినామెకు పుణ్యం చేరాలని కప్పు పొంగేదాకా నీళ్లు పోస్తున్నారు. ఇరుగుపొరుగుతో పాటు సాయానికి వెళ్లి నేను వంటింటి గుమ్మంలో కొబ్బరి కోరుతున్నాను.

“ఎవరు పోయారు?” అన్నాడు ఉద్యోగి.

“మా పెద్దావిడ పొడిమెణికె, మహత్తయా. పోయి ఏడు రోజులైందట. పొద్దున్నే ఫోనొచ్చింది” అన్నాడు తిలకసిరి.

ఉద్యోగి సంచిలోంచి సగం తీసిన కవరు మీద పేరు చూసుకున్నాడు. చావింట్లో కోర్టు కాగితం ఎవరి చేతిలోనూ పెట్టరు. మళ్లీ లోపలికి తోసేశాడు.

“కాళ్లు కడుక్కోండి మహత్తయా. ఆవిడ పేరు చెప్పి నాలుగు మెతుకులు తినండి.”

ఆయన కుళాయి దగ్గరికి వెళ్లగానే రెండో ఆవిడ తమ్ముడు గొంతు తగ్గించాడు. “బతికుండగా దానికి ఒక్కపూటైనా ఇంత బాగా పెట్టావా బావా?”

“ఇంత నోరు మూసుకుని ఉంటే పెట్టేవాణ్ణే.”

పందిరి కింద అందరూ నవ్వు ఆపుకున్నారు. ఉద్యోగి భోంచేసి వెళ్లి, అప్పీలుదారు మరణించినట్టు తెలిసింది, నోటీసు ఇవ్వలేదు అని రాశాడు.

ఆ వారమే పొడిమెణికె కోర్టు ఆఫీసుకు వెళ్లింది. గుమాస్తా ఫైలు తిప్పాడు.

“ఆవిడకి నువ్వేమవుతావమ్మా?”

“నేనే ఆవిణ్ణి.”

“ఫైల్లో ఆవిడ పోయింది.”

గుర్తింపు కార్డు చూపించింది.

“కార్డు పోయినవాళ్లకీ ఉంటుందమ్మా. బతికున్నావని గ్రామాధికారి దగ్గర కాగితం తీసుకురా.”

ఆమె పేరు ఇంకా మా ఊరి జాబితాలోనే ఉంది కాబట్టి ఆ కాగితం ఇక్కడే తీసుకోవాలి. మా గ్రామాధికారి ఆ దానంలో గేదె పెరుగు, కితుల్ బెల్లప్పాకం రెండుసార్లు వడ్డించుకున్న మనిషి.

“ఇవాళ కాగితం రాసిస్తే మొన్న తిన్నదేంటని అడుగుతారు కదా అక్కా. వచ్చేవారం చూద్దాం” అన్నాడు.

వచ్చేవారం అంటూ నాలుగు వారాలు తిప్పాడు. ఈలోగా కోర్టు ఇచ్చిన గడువు దాటింది. నోటీసు అందించడంలో అప్పీలుదారు తగిన శ్రద్ధ చూపలేదని రాసి అప్పీలు కొట్టేశారు. బస్టాండు ఎదురుగా నేను పనిచేసే బట్టల కొట్టు మెట్ల మీద కూర్చుని ఆమే నాకు ఆ కాగితం చూపించింది. చదవడం రాదు. “శ్రద్ధ అనే మాట ఎక్కడుంది చెల్లీ?” అని అడిగి, నేను చూపించిన చోట వేలు పెట్టి కాసేపు ఉంచింది.

ఫోను సంగతి చెప్పుకునేవాళ్లకు తెలియనిది ఒకటుంది. దానానికి ముందురోజు మధ్యాహ్నం ఆ మెట్ల దగ్గరే ఆమె తిలకసిరిని ఆపింది.

“రేపు కోర్టాయన వస్తాడు. కనుక్కునే వచ్చాను. ఈసారైనా తలుపు తీసి ఉంచు.”

“ఉంచుతాలే” అన్నాడు.

ఆమె బస్సెక్కేదాకా ఆగి, కొట్లోకి వచ్చి, పన్నెండు గజాల తెల్లగుడ్డ అడిగాడు. కత్తిరించి ఇచ్చింది నేనే.