నా కథలో ఆయన చూసిన అన్న

పై ఫ్లాట్ అంకుల్ పోయారని మదీనాగూడలోని మా అపార్ట్‌మెంట్ గ్రూపులో మెసేజ్ వచ్చేసరికి నా ఆఫీసు క్యాబ్ కోకాపేట చేరింది. పక్క సీటమ్మాయి ఏమైందని అడిగింది. ఆయనతో నాలుగు నెలలుగా మాట్లాడటం లేదని ఎలా చెప్పను చెప్పండి? కిటికీ వైపు తిరిగాను.

బాలానగర్‌లో ఒక వర్క్‌షాపులో లేత్ మిషన్ మీద ఏళ్ల తరబడి పనిచేసి రిటైరైన మనిషి. ఆదివారం పొద్దున సెల్లార్‌లో కూర్చుని మేం రాసుకున్న కథలు చదువుకునే అలవాటు పెట్టింది ఆయనే. వాక్యం కింద వేలు జరుపుతూ చదివేవారు. అందరూ చెప్పడం అయ్యేదాకా రాసినవాళ్లు నోరు విప్పకూడదన్నది ఆయన పెట్టిన నియమం. "లేత్ మీద బోల్టు జేసి పంపుతుంటిమి. అది ఏ మిషన్ల బిగిస్తరో మాకేం ఎర్క? కథ గూడ గంతే." అని నవ్వేవారు.

నాలుగు నెలల కిందట ఒక ఆదివారం నా వంతు వచ్చింది. తండ్రి జబ్బు సంగతి ఆయన పోయేదాకా చెల్లెలికి చెప్పని అన్న కథ. కథేమిటి, మా ఇంటి సంగతే. అప్పటికి మూడేళ్లుగా మా అన్నయ్యతో నాకు మాటల్లేవు. అందరూ ఆ అన్నను తిట్టారు. నాకు హాయిగానే ఉంది. అంకుల్ వేలు మాత్రం ఒకచోట ఆగిపోయింది.

"తండ్రే చెప్పొద్దన్నడేమో బిడ్డా? కథంత ఆ పిల్లనే మాట్లాడవట్టె. అన్నకు ఒక్క మాటన్న ఇయ్యకపోతివి."

నియమం గంగలో కలిసింది. "మీకేం తెలుసండీ? మా ఇంట్లో జరిగింది నాకు తెలియదా?" అని అరిచాను. ఆయన కాగితాలు మడిచి నా చేతికిచ్చారు.

"నేను సదివింది జెప్పిన. కోపానికి రాకు."

మళ్లీ ఆ ఆదివారాలకు వెళ్లలేదు. లిఫ్టులో ఆయన ఎదురైతే ఫోన్ చూసుకునేదాన్ని. తల్చుకుంటే సిగ్గేస్తోంది.

అంత్యక్రియలు అయ్యాక ఇంటికొచ్చి ఆ కథ తీశాను. నిజంగానే అన్నకు ఒక్క మాట లేదు. అన్నయ్యకు ఫోన్ చేసి, ఎలా ఉన్నావని కూడా అడగకుండా మొత్తం చదివేశాను. మధ్యలో ఎక్కడ ఫోన్ పెట్టేస్తాడోనని ఎక్కడా ఆగలేదు.

"నాన్న చెప్పొద్దన్నాడా?" అని అడిగాను.

అవతల కుక్కర్ కూత వేసింది.

"నాన్నేం అనలేదే. నీకు చెబితే అది నిజమైపోతుందని భయమేసింది."

అంకుల్ అనుకున్నదీ తప్పే. పై ఫ్లాట్‌కు పరిగెత్తి ఆ మాట ఆయనకు చెప్పాలని ఎంత అనిపించిందో. అవతల అన్నయ్య వంటింట్లో కుక్కర్ కూత మీద కూత వేస్తోంది. కట్టేయడానికి అన్నయ్య లేవలేదు.