కోళ్లను నడిపించిన మధ్యాహ్నం

కళ్యాణదుర్గం దాటాక, వేరుశనగ పండక వదిలేసిన చేలో నాయన కోళ్ల షెడ్డు వేశాడు. కోడిపిల్లలూ మేతా కంపెనీవి, చాకిరీ మాది. ఆ వేసవి చావులు ఎక్కువయ్యాయి. ఈ బ్యాచ్ కూడా పోతే ఇక పిల్లలను ఇచ్చేది లేదని కంపెనీ మనిషి మొహం మీదే చెప్పి పోయాడు.

సరిగ్గా అప్పుడే బెంగళూరు నుంచి ముగ్గురు కెమెరాతో దిగారు. కోళ్ల పెంపకం మీద డాక్యుమెంటరీ అట. మమ్మల్ని చూడొద్దు, మేము లేనట్టే మీ పని చేసుకోండి అన్నారు వచ్చీరాని తెలుగులో. నాయన ఆ మాట ఎంత గట్టిగా పట్టుకున్నాడంటే, వాళ్లకు కాఫీ ఇచ్చేటప్పుడు కూడా గోడను చూస్తూ ఇచ్చేవాడు. నాకు నవ్వాగేది కాదు.

కోళ్లు లారీ ఎక్కే బరువుకు వచ్చాక ఒక మధ్యాహ్నం కరెంటు పోయింది. ఫ్యాన్లు ఆగాయి. అంత ఎండలో ఫారం కోడి కూర్చుందంటే మళ్లీ లేవదు. అందుకని షెడ్డంతా తిరుగుతూ, మెల్లగా చప్పట్లు కొడుతూ, వాటిని లేపి నడిపిస్తూనే ఉండాలి. పరుగెత్తించకూడదు. అమ్మ బయట గోనెపట్టలు తడుపుతోంది. లోపల నాయనా నేనూ. ఇటువైపు లేపి అటు పోయేసరికి ఇవి మళ్లీ కూలబడేవి.

ఆ ముగ్గురూ షెడ్డు నడుమ నిలబడే ఉన్నారు. నాయన మొదటిసారి కెమెరా వైపు తిరిగాడు.

"అన్నా, ఒకరన్నా రాండప్పా. ఆ మూలవి లేపండి, సచ్చిపోతాండాయి."

ఎవరూ కదల్లేదు. వాళ్లలో పెద్దాయన మాత్రం, ఇటు చూడొద్దని చేత్తో సైగ చేశాడు. నాకు ఒళ్లు మండిపోయింది. తిట్టడానికి తీరికేదీ?

కరెంటు వచ్చేసరికి ఆ మూలంతా తెల్లగా పడిపోయి ఉంది. గుంత తీసి, సున్నం చల్లి పూడ్చాం. కంపెనీ మళ్లీ పిల్లలను ఇవ్వలేదు.

ఈమధ్య ఆ సినిమా పంపారు. ఖాళీ షెడ్డులో కూర్చుని నా ఫోనులో చూశాం. బాగా తీశారు, కాదనను. నాయన నడుస్తున్నాడు, చప్పట్లు కొడుతున్నాడు, కోళ్లు కూలుతున్నాయి. కెమెరా వైపు తిరిగిన ముక్క మాత్రం తీసేశారు. సినిమాలో నాయన ఎవరినీ సాయం అడగడు.

అయిపోయాక మళ్లీ పెట్టమన్నాడు. ఆ మధ్యాహ్నం వచ్చినప్పుడు ఫోను చెవి దగ్గర పెట్టుకున్నాడు. తర్వాత నా వైపు చూశాడు.

"నేను పిలిచినా కదమ్మా. నువ్వన్నా ఇన్నావు కదా?"