నాలుగు దిక్కులూ కొలిచిన టీచర్

మా లెక్కల టీచర్ చనిపోయిన సంగతి నాకెవరూ ఫోన్ చేసి చెప్పలేదు. మొన్న బస్సులో నస్పూర్ మీదుగా పోతుంటే, నేను చదువుకున్న ప్రైవేటు బడి గేటుకు కట్టిన ఫ్లెక్సీ మీద ఆమె ఫొటో కనిపించింది. కింద ‘మా బడి ఆణిముత్యానికి అశ్రునివాళి’ అని రాసి ఉంది. బస్సు దిగి, వెనక్కి నడిచి వెళ్లి మళ్లీ చదివాను. దుఃఖం తర్వాత వచ్చింది. ముందు ఒళ్లు మండింది. ఆమెను వెళ్లగొట్టింది ఆ బడే.

మీరు ఆమెను ఎరగరు. చాక్‌పీసు చెవి మీద పెట్టుకుని మర్చిపోయి, బల్లంతా వెతికే మనిషి. పిల్లల తప్పు లెక్కను అడ్డంగా కొట్టేసేవారు కాదు. తప్పిన చోట చిన్న సున్నా చుట్టి, “ఇక్కడిదాక మంచిగనే వచ్చినవ్, ఇక్కడ దారి తప్పినవ్” అనేవారు.

ఏడో తరగతిలో ఒక లెక్క వచ్చింది. దీర్ఘచతురస్రాకారపు చేను. పొడవు, వెడల్పుల నిష్పత్తి 3:2, చుట్టుకొలత వంద మీటర్లు. పొడవెంత, వెడల్పెంత? మూడూ రెండూ ఐదు, వందను ఐదుతో భాగిస్తే ఇరవై, కాబట్టి అరవై, నలభై అని అందరికన్నా ముందు అరిచాను. టీచర్ మమ్మల్ని గ్రౌండులోకి తీసుకుపోయారు. పొడవుకు ముగ్గురిని, వెడల్పుకు ఇద్దరిని చేతులు చాపించి నిలబెట్టారు.

“ఐదుగురు అయిపోయిన్రు. చేను చుట్టు తిరిగొచ్చినమా?”

“లేదు టీచర్, ఇంక రెండు దిక్కులు ఉన్నయి.”

“మరి గా రెండు దిక్కులు ఇడిసిపెడితే బర్రెలు చేన్ల పడయా?”

ఇంకో ఐదుగురం వెళ్లి నిలబడ్డాం. పది మందికి వంద మీటర్లు, మనిషికి పది. పొడవు ముప్ఫై, వెడల్పు ఇరవై.

అర్ధసంవత్సర పరీక్షలో అదే లెక్క ఇచ్చారు. బడివాళ్లు ఏదో గైడులోంచి దించుకున్న జవాబుల కాగితంలో అరవై, నలభై అని ఉంది. టీచర్ వేసిన మార్కులను ఆఫీసులో కొట్టేసి ప్రోగ్రెస్ కార్డులు పంచేశారు. నేను ఇంట్లో ఏడిస్తే, బొగ్గుబాయిలో పనిచేసే మా బాపు మర్నాడు డ్యూటీ దిగి నేరుగా బడికి వచ్చాడు.

“సారూ, బిడ్డ లెక్క కరెక్టే అంటుంది. జర చూడుండ్రి” అన్నాడు, అంతే.

కరస్పాండెంట్ టీచర్‌నూ, నన్నూ ఆఫీసులోకి పిలిపించాడు. “అచ్చయిన జవాబు తప్పెట్లయితది? పిల్లలను బడి మీదికి ఉసిగొల్పుతున్నవా?” అన్నాడు. తర్వాత నా వైపు తిరిగాడు. “ఇంట్ల గిట్ల చెప్పుమని మేడమే అన్నదా?”

ఆమె అనలేదు. ఆ ఒక్క మాట నా నోట్లోంచి రాలేదు. తల దించుకుని నేల చూశాను.

“చూసిన్రా?” అన్నాడు కరస్పాండెంట్.

“లెక్క సంగతి మాట్లాడుండ్రి సార్. పిల్లను ఇడిసిపెట్టుండ్రి” అన్నారు టీచర్.

ఆ మధ్యాహ్నమే ఆమెను పంపించేశారు. జవాబు మాత్రం మారలేదు. ఐదు భాగాలకు, పది భాగాలకు తేడా తెలియనివాళ్లు ఇవాళ ఆమెకు ఆణిముత్యమని పేరు పెడుతున్నారు! వాళ్ల మీద ఎంత కోపమో, ఆనాటి నా మౌనం మీదా అంతే కోపం.

రెండేళ్ల కింద లక్సెట్టిపేట బస్టాండులో ఆమె కనిపించారు. అక్కడ ఇంటి దగ్గర ట్యూషన్లు చెప్పుకుంటున్నారు. నేను ఎవరో చెప్పి, ఆ రోజు మాట్లాడనందుకు క్షమించమన్నాను.

“పన్నెండేండ్ల పోరివి. నిన్నేమంట? నిన్ను గట్ల నిలబెట్టి అడిగినోన్ని అనాలె” అన్నారు.

“మీకింకా కోపముందా టీచర్?”

“ఎందుకుండదే? తప్పును ఒప్పన్నరు. నాకు పోలే. నువ్వు గూడ పోనియ్యకు.”

ఇంతలో నా బస్సు కదిలింది. ఎక్కి కిటికీలోంచి చూశాను. ఎండకు చేయి అడ్డం పెట్టుకుని నిలబడి ఉన్నారు. నవ్వలేదు, చేయి ఊపలేదు. బస్సు మలుపు తిరిగేదాకా నా వైపే చూస్తూ ఉన్నారు.